ఏడు వందల డాలర్లు, రెండు సంవత్సరాలు

క్రీడల గురించి ఏదైనా వ్రాయవలసిందిగా సంపాదకవర్గ మిత్రులు కోరినప్పుడు నాకు నవ్వు వచ్చింది. ముప్పయి మూడేళ్ల ఉద్యోగ జీవితంలో టర్బైను హాలు చుట్టూ తిరగడమే తప్ప, నేను ఏ మైదానం చుట్టూ తిరిగినవాణ్ణి కాను. టౌన్‌షిప్ క్లబ్బు సభ్యత్వ రుసుము మాత్రం నెలనెలా జీతంలో నుంచి క్రమం తప్పకుండా కోత పడింది. అయినప్పటికీ ఒక క్రీడాకారిణి తొలినాళ్ల కథ చాలాకాలంగా నా మనసులో మెదులుతూనే ఉంది. ఆమె మారియా షరపోవా. మొన్న సంక్రాంతికి ఇంటికి వచ్చిన మా అమ్మాయి, షరపోవా 2017లో వెలువరించిన ఆత్మకథను నా బల్ల మీద పెట్టి వెళ్లింది. అది చదివిన తరువాత ఇక వ్రాయక తప్పదనిపించింది.

ఈ కథ టెన్నిస్ కోర్టులో కాక, మన వృత్తికి దగ్గరి చోటనే మొదలవుతుంది. 1986 ఏప్రిల్ 26న, అర్ధరాత్రి దాటిన తరువాత, చెర్నోబిల్ అణువిద్యుత్ కేంద్రంలో నాలుగవ యూనిట్ పేలిపోయింది. అప్పటికి నేను ఇంజనీరింగ్ విద్యార్థిని. విశాలాంధ్ర పుస్తకశాలలో చవకగా దొరికే మీర్ ప్రచురణల లెక్కల పుస్తకాలే రష్యా అంటే మాకు తెలిసినదల్లా. అంత గట్టి పుస్తకాలు వ్రాసిన దేశంలో ఇంత ప్రమాదం ఎలా జరిగిందన్న ప్రశ్న హాస్టలులో చాలా రోజులు నలిగింది. ఆ రాత్రి వారు చేయబోయిన పరీక్ష ఏమిటో ఉద్యోగంలో చేరిన తరువాత తెలుసుకున్నాను. కేంద్రానికి బయటి విద్యుత్తు పోతే, డీజిల్ జనరేటర్లు భారం అందుకోవడానికి దాదాపు ఒక నిమిషం పడుతుంది. ఆ నిమిషంపాటు, ఆవిరి ఆగిపోయిన టర్బైను తన జడత్వంతో తిరుగుతూ శీతలీకరణ పంపులకు విద్యుత్తు ఇవ్వగలదా అన్నదే పరీక్ష. ప్రశ్నలో తప్పు లేదు. రియాక్టరు నిర్మాణంలోని లోపం, ఆ రాత్రి దానిని నడిపిన తీరు కలిసి, మేలు కోరి తలపెట్టిన పరీక్షను మహావిపత్తుగా మార్చాయి. కమిషనింగ్ పనిలో ఉన్న మనలో ఎవరికైనా ఈ సంగతి తలచుకుంటే ఒళ్లు జలదరించక మానదు.

రేడియోధార్మిక ధూళి గాలివాటున బెలారుస్ మీద ఎక్కువగా పడింది. అక్కడ మిక్కిలి నష్టపోయిన ప్రాంతం గోమెల్. ఆ ఊరివారే యూరి, ఎలీనా దంపతులు. ఎలీనా గర్భవతి అయిన ఆ రోజులలోనే వారు ఊరు విడిచి, పశ్చిమ సైబీరియాలో చమురు, సహజవాయువు దొరికే న్యాగన్ అనే పట్టణానికి వెళ్లారు. 1987 ఏప్రిల్ 19న అక్కడ మారియా పుట్టింది. బిడ్డకు రెండేళ్లు వచ్చేసరికి నల్లసముద్ర తీరంలోని సోచి నగరానికి మారారు. ఊళ్లు మారడం మన ఉద్యోగులకు కొత్త కాదు గాని, వీరి చేతిలో బదిలీ ఉత్తర్వు లేదు, ప్రయాణ భత్యమూ లేదు.

సోచిలో యూరికి అలెగ్జాండర్ కాఫెల్నికోవ్‌తో స్నేహం కుదిరింది. అలెగ్జాండర్ కుమారుడు యెవ్‌గెనీయే 1996లో ఫ్రెంచ్ ఓపెన్ గెలిచి, గ్రాండ్‌స్లామ్ సింగిల్స్ సాధించిన తొలి రష్యన్‌గా పేరు పొందాడు. ఆ అలెగ్జాండర్ నాలుగేళ్ల మారియాకు ఒక రాకెట్ బహూకరించాడు. యూరి యుద్కిన్ అనే గురువు దగ్గర తొలి పాఠాలు సాగాయి. తరువాత మాస్కోలో పిల్లలకు జరిగిన ఒక శిక్షణ కార్యక్రమంలో మార్టినా నవ్రతిలోవా ఈ పిల్లను చూసి, అమెరికాలో ఫ్లోరిడా రాష్ట్రంలోని నిక్ బొలటేరి అకాడమీలో చేర్చితే మంచిదని చెప్పింది. పిల్లకు అప్పటికి ఆరేళ్లు.

అటువంటి మాట విన్న తండ్రులలో నూటికి తొంభైతొమ్మిది మంది సంతోషించి ఇంటికి వెళ్లి పడుకుంటారు. యూరి అలా చేయలేదు. 1994లో కుమార్తెను వెంటబెట్టుకుని అమెరికా విమానం ఎక్కాడు. అతని జేబులో ఉన్నవి 700 డాలర్లు. ఆనాటి మారకపు విలువలో సుమారు 22 వేల రూపాయలు. తండ్రికి గాని కుమార్తెకు గాని ఇంగ్లీషు రాదు. అకాడమీవారు అంత చిన్నపిల్లను వెంటనే చేర్చుకోలేదు. యూరి పాత్రలు కడగడం వంటి చిన్నాచితకా పనులు చేస్తూ ఆమెకు ఆట నేర్పించాడు.

షరపోవా గురించి వచ్చిన ప్రతి వ్యాసంలోనూ ఈ 700 డాలర్ల ప్రస్తావన ఉంటుంది. తండ్రి సాహసాన్ని మెచ్చుకోని వారుండరు. వీసా నిబంధనల కారణంగా ఎలీనా రష్యాలోనే ఉండిపోయిందనీ, రెండు సంవత్సరాలపాటు తల్లీబిడ్డలు ఒకరినొకరు చూసుకోలేదనీ అవే వ్యాసాలలో ఒక్క వాక్యం ఉంటుంది. దానిని దాటుకుని అందరూ ముందుకు వెళ్లిపోతారు. నేను దాటలేకపోయాను. అందుకు కారణం నా సొంత అనుభవం.

2002లో నాకు ఛత్తీస్‌గఢ్‌లో కొత్త యూనిట్ నిర్మాణ స్థలానికి బదిలీ అయింది. మా టౌన్‌షిప్ నుంచి ఒక రాత్రి, ఒక పగలు ప్రయాణం. అక్కడ మంచి పాఠశాల లేదని, శ్రీమతినీ అమ్మాయినీ టౌన్‌షిప్‌లోనే ఉంచి నేనొక్కణ్ణే వెళ్లి ఫీల్డ్ హాస్టలులో చేరాను. మనలో ఈ అనుభవం లేని ఇల్లు తక్కువ. అమ్మాయికి అప్పుడు ఆరేళ్లు. సాయంత్రాలు క్లబ్బులోని ఎర్రమట్టి టెన్నిస్ కోర్టు దగ్గర బంతులు ఏరుతూ ఉండేది. అక్కడ మార్కరుగా పనిచేసిన పెద్దాయన పాత రాకెట్ ఒకటి పిడి కోసి, గుడ్డ చుట్టి ఆమె చేతికి ఇచ్చాడు. నేను బయలుదేరే ముందు ఆయన ప్రత్యేకంగా ఇంటికి వచ్చి, “సార్, పాపకు బంతి కనబడుతుంది. అందరికీ కనబడదు. హైదరాబాదులో ఎక్కడన్నా పెట్టండి” అన్నాడు. నేను సరేనన్నాను. వచ్చే ఏడు చూద్దామన్నాను. నిర్మాణ స్థలంలో ఉన్నవానికి వచ్చే ఏడు అంటే ఏమిటో మీకు వేరే చెప్పనవసరం లేదు.

బాయిలరు పని వెనుకబడింది. దసరాకు రావలసిన వాణ్ణి సంక్రాంతికి, సంక్రాంతికి రావలసిన వాణ్ణి ఉగాదికి వచ్చాను. ప్రతి ఆదివారం ఫోను చేసేవాణ్ణి. శ్రీమతి ఇంటి విషయాలన్నీ చెప్పి అమ్మాయికి ఇచ్చేది. “బాగున్నావా?” అంటే “బాగున్నా.” “చదువుతున్నావా?” అంటే “చదువుతున్నా.” అంతటితో సరి. ఒకసారి నాలుగు నెలల తరువాత వారం రోజుల సెలవు మీద ఇంటికి వెళ్లాను. అంతకుముందు నన్ను “నాన్నా, నువ్వు” అని పిలిచి మీదికెక్కి ఆడుకున్న పిల్ల, తలుపు దగ్గర నిలబడి, “మీరు మళ్లీ ఎప్పుడు వెళ్తారు?” అని అడిగింది. పక్కనున్న బంధువులు, పిల్లకు మర్యాద తెలిసిందని మెచ్చుకున్నారు. నాకు ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

సరే, అసలు కథకు వద్దాం. మారియాకు తొమ్మిదో ఏడు వచ్చాక పరిస్థితి కుదుటపడింది. ఐఎంజీ అనే క్రీడా వ్యాపార సంస్థ ఏడాదికి 35 వేల డాలర్ల అకాడమీ రుసుమును భరించడానికి ముందుకు వచ్చింది. తల్లి కూడా వచ్చి చేరింది. రాబర్ట్ లాన్స్‌డార్ప్ అనే గురువు ఆమె చేత ఒకే దెబ్బను వందల సార్లు కొట్టించి, బంతి వలకు కొంచెం పైగా నేరుగా, బలంగా దూసుకుపోయే ఆటను స్థిరపరచాడు. వినడానికి విసుగు పుట్టించే పద్ధతే గాని, బేరింగు అమరికను పదిసార్లు సరిచూసే ఫిట్టరుకు అందులోని అర్థం తెలుస్తుంది. పదమూడవ ఏట ఎడ్డీ హెర్ పోటీలలో పదహారేళ్ల లోపు బాలికల విభాగం గెలిచింది. సరిగ్గా పద్నాలుగవ పుట్టినరోజున, 2001 ఏప్రిల్ 19న, వృత్తి క్రీడాకారిణి అయింది.

చిన్నవయసు వారు ఏడాదికి ఇన్ని పోటీలకు మించి ఆడరాదన్న నిబంధన టెన్నిస్‌లో ఉంది. పిల్లలు అలసి చితికిపోకుండా పెట్టిన మంచి నిబంధన అది. అందుచేత ఆమె ఎదుగుదల నిదానంగానే సాగింది. 2002లో ఆస్ట్రేలియన్ ఓపెన్ బాలికల ఫైనల్లోనూ, వింబుల్డన్ బాలికల ఫైనల్లోనూ ఓడింది. అదే ఏడు ఇండియన్ వెల్స్‌లో పెద్దల పోటీలో మోనికా సెలెస్ చేతిలో ఓటమి. 2003లో మెల్‌బోర్న్‌లోనూ పారిస్‌లోనూ తొలి రౌండులోనే ఇంటిముఖం పట్టింది. ఆ తరువాత వింబుల్డన్‌కు వైల్డ్ కార్డుతో వచ్చి, పదకొండవ సీడు యెలేనా డోకిచ్‌ను ఓడించి నాలుగవ రౌండు దాకా వెళ్లింది. ఆ ఏడాది చివరికి టోక్యో, క్యుబెక్ సిటీలలో రెండు టైటిళ్లు చేతికి వచ్చాయి. ఓటముల పట్టికను ఇంత వివరంగా ఎందుకిచ్చానంటే, మన పిల్లలకు సాధారణంగా మనం చూపించేది గెలుపు ఫొటో ఒక్కటే.

అదే 2003 వింబుల్డన్‌లో మన హైదరాబాదు అమ్మాయి సానియా మీర్జా, అలీసా క్లెబానోవా అనే రష్యా బాలికతో జతకట్టి బాలికల డబుల్స్ గెలిచింది. మా టౌన్‌షిప్‌లో ఆ వార్త పెద్ద సంబరమైందట. మార్కరు పెద్దాయన ఆ పేపరు పట్టుకుని మళ్లీ మా ఇంటికి వచ్చాడని శ్రీమతి ఫోనులో చెప్పింది. నేను మళ్లీ సరేనన్నాను.

2004 జూలై 3, శనివారం. వింబుల్డన్ మహిళల ఫైనల్. ఫీల్డ్ హాస్టలు టీవీ గదిలో మేము పదిహేను మందిమి. విద్యుత్ కేంద్రం కడుతున్న చోట కరెంటు పోవడం ఒక ముచ్చట. ఆ సాయంత్రం మాత్రం పోలేదు. అవతల సెరెనా విలియమ్స్, అంతకుముందు రెండేళ్లు వరుసగా అక్కడ గెలిచిన ఆటగత్తె. ఇవతల పదమూడవ సీడు, పదిహేడేళ్ల పిల్ల. సెమీఫైనల్లో లిండ్సే డావెన్‌పోర్ట్ మీద మొదటి సెట్ పోగొట్టుకుని, మధ్యలో వాన వచ్చి ఆట ఆగిన తరువాత పుంజుకుని గెలిచి వచ్చింది. ఆ మ్యాచ్ చూసినవారు కూడా ఫైనల్లో ఇలా జరుగుతుందని ఊహించి ఉండరు. 6-1, 6-4. వింబుల్డన్ సింగిల్స్ గెలిచిన తొలి రష్యన్ మహిళ ఆమె.

గెలిచిన వెంటనే ఆ పిల్ల ప్రేక్షకుల మధ్యకు ఎక్కి వెళ్లి తండ్రిని కౌగలించుకుంది. తరువాత, బహుమతి ప్రదానానికి అందరూ ఎదురుచూస్తూ ఉండగా, సెంటర్ కోర్టులో నిలబడి సెల్‌ఫోనులో అంకెలు నొక్కసాగింది. తల్లికి ఫోను. కలవలేదు. మళ్లీ నొక్కింది. కలవలేదు. మా గదిలో అందరూ నవ్వారు. అంత పెద్ద ఊళ్లో కూడా సిగ్నల్ లేదా అని ఒకరన్నారు. నేను లేచి బయటికి వచ్చాను. హాస్టలు మెట్ల మీద నిలబడితేనే నా ఫోనుకు సిగ్నల్ అందేది. ఇంటికి చేశాను. అమ్మాయే ఎత్తింది. “చూశావా?” అన్నాను. “చూశాం. వాళ్లమ్మకు ఫోను కలిసిందా?” అని అడిగింది. తెలియదన్నాను.

ఆ తరువాతి సంగతులు చాలావరకు మీకు తెలిసినవే. 2005 ఆగస్టులో ప్రపంచ మొదటి ర్యాంకు వచ్చింది. కొద్ది రోజులకే యు.ఎస్. ఓపెన్ నాలుగవ రౌండులో మన సానియాను 6-2, 6-1తో ఓడించింది. 2016లో నిషిద్ధ మందు పరీక్షలో దొరికి పదిహేను నెలలు ఆటకు దూరమైంది. ఆ మచ్చను దాచి ఈ కథ చెప్పడం నాకిష్టం లేదు. 2020లో విశ్రమించింది. నేను ఆ ప్రాజెక్టు నుంచి 2005లో తిరిగి వచ్చేసరికి అమ్మాయి రాకెట్ అటక మీదికి చేరింది. ఎవరూ వద్దనలేదు. తనంతట తానే వెళ్లడం మానేసిందట. బాగా చదువుకుంది. ఇప్పుడు బెంగళూరులో ఉద్యోగం. హైదరాబాదుకు పంపి ఉంటే ఏమయ్యేదో నాకు తెలియదు. బహుశా ఏమీ అయ్యేది కాదు. అంతమంది పిల్లలలో ఒక్కరు వింబుల్డన్ దాకా వెళ్తారు. మార్కరు పెద్దాయన ఇప్పుడు లేరు.

అమ్మాయి ఇచ్చిన పుస్తకంలో ఒక్కచోట కాగితం అంచు మడిచి ఉంది. తల్లికి దూరంగా ఉన్న ఆ రెండేళ్ల గురించిన పుట అది. చదవడం పూర్తయిన రోజున ఫోను చేశాను.

“చదివారా నాన్నా?” అంది.

“చదివాను. ఆ పేజీ నువ్వే మడిచావా?”

“బస్సులో చదువుతుంటే నిద్ర వచ్చింది. అందుకని మడిచాను.”

కాసేపు ఇద్దరమూ మాట్లాడలేదు. తరువాత, “మీరు భోంచేశారా?” అని అడిగింది.