మా బాబుకి ఎప్పుడూ జ్వరమే!

మా వాడు రెండో తరగతిలో ఉండగా ఒకరోజు వాళ్ల క్లాసు టీచరు ఫోన్ చేసింది. "ఏమండీ, ఈ టర్ములో బాబుకి జ్వరం రావడం ఇది నాలుగోసారి. ఒకసారి రక్తపరీక్ష చేయించకూడదూ?" అంది పాపం, ఎంతో ఆదుర్దాగా. "అలాగేనండీ" అని ఫోన్ పెట్టేశాను గానీ సిగ్గుతో చచ్చిపోయాను. వాడికి జ్వరం వచ్చింది ఒక్కసారే. మిగతా మూడుసార్లూ విరేచనాలు! ఆ మాటకి ఇంగ్లీషు స్పెల్లింగ్ రాక, స్కూలు డైరీలో లీవు నోటు రాసినప్పుడల్లా 'ఫీవర్' అని రాసి సంతకం పెట్టేదాన్ని.

నవ్వుకుంటున్నారు కదూ? మీలో ఎంతమంది ఇలా రాశారో నాకు తెలీదా ఏమిటి!

నేను ఇంటర్ దాకా తెలుగు మీడియంలోనే చదివాను. ఇంగ్లీషు చదివితే అర్థమవుతుంది, రాయమంటేనే చెయ్యి వణుకుతుంది. ఫోన్ ఉందిగా, అదే దిద్దుతుందిలే అనుకుని ఓసారి బాబు క్లాసు వాట్సాప్ గ్రూపులో "డైరీ చూడండి" అని ఇంగ్లీషులో మెసేజ్ పెట్టాను. తీరా చూస్తే నేను రాసింది స్కూలు డైరీ కాదు, పాల డెయిరీ! ఐ, ఏ తారుమారయ్యాయి. రెండూ ఉన్న మాటలే కాబట్టి ఫోన్ ఊరుకుంది. మిగతా తల్లులు ఊరుకుంటారా? వరసగా నవ్వు బొమ్మలు పెట్టారు. అదీ సరిపెట్టుకుందును. తొమ్మిదో తరగతి చదివే మా అమ్మాయి మెల్లగా వచ్చి నా పక్కన కూర్చుని, "అమ్మా, ఇకమీదట ఇలాంటివి నాన్న పెడతార్లే" అంది చూశారూ... అది గుచ్చుకుంది. వెక్కిరించినా బాగుండేది.

మా పై వాటాలో ఇంగ్లీషు లెక్చరర్‌గా చేసి రిటైరైన పిన్నిగారు ఉంటారు. ఆ సాయంత్రం గిన్నెడు గోంగూర పచ్చడి పట్టుకెళ్లి నా గోడు వెళ్లబోసుకున్నాను. "పలికేదొకటి, రాసేదొకటి! ఈ భాషకి అసలు ఓ పద్ధతంటూ ఉందాండీ?" అన్నాను. ఆవిడ నవ్వి, "నువ్వు 'చిహ్నం' అని రాసి 'చిన్హం' అనవూ? 'జ్ఞానం' అని రాసి ఎలా పలుకుతున్నావు? మనింట్లోనూ ఉందమ్మాయ్ ఆ సంగతి. వాళ్లింట్లో కాస్త ఎక్కువ, అంతే" అన్నారు. ఆ తర్వాత రోజుకింత చొప్పున ఆవిడ చెప్పిన కథ మీకూ చెబుతాను.

ఇంగ్లీషువాళ్లు ఒకప్పుడు చాలావరకు రాసినట్టే పలికేవారట. నైఫ్‌లో ముందున్న కె కూడా పలికి 'క్నీఫ్' అనేవారట. రాత్రి అనే నైట్‌లోని జి, హెచ్ గొంతులోంచి 'ఖ్' అన్నట్టు వినిపించేవి. 1066లో ఫ్రాన్సు నుంచి నార్మన్లు వచ్చి ఇంగ్లండును గెలుచుకున్నాక రాతకోతల్లో ఫ్రెంచి అలవాట్లు చొరబడ్డాయి. అంతకుముందు సి, డబ్ల్యు పెట్టి రాసే క్వీన్‌కి క్యు, యు వచ్చి చేరాయి. 1476లో విలియం కాక్స్‌టన్ అనే ఆయన వెస్ట్‌మినిస్టర్‌లో ఆ దేశంలోకెల్లా మొదటి ప్రింటింగ్ ప్రెస్ పెట్టాడు. పుస్తకాలు అచ్చవుతున్నకొద్దీ స్పెల్లింగులు గట్టిపడుతూ వచ్చాయి. ఆ కాలంలోనే జనం పలుకు మారిపోతోంది. నైఫ్‌లో కె మూగబోయింది, రాతలో మాత్రం అలాగే ఉండిపోయింది.

ఇది చాలదన్నట్టు పండితులు కూడా ఓ చెయ్యి వేశారు. అప్పుని ఇంగ్లీషులో డెట్ అంటాం కదా, అది ఫ్రెంచి నుంచి వచ్చినప్పుడు అందులో బి లేనే లేదు. లాటిన్‌లోని 'డెబిటమ్' దీనికి మూలమని చూపించడానికి ఆ బి ఇరికించారు. రిసీట్‌లో పి కూడా అలాంటిదే. ఐలండ్‌లో ఎస్ అయితే లాటిన్ మాటకి చుట్టమనుకుని పొరపాటున పెట్టిందిట! 1755లో శామ్యూల్ జాన్సన్ నిఘంటువు వచ్చేసరికి ఇవన్నీ చాలావరకు స్థిరపడిపోయాయి.

ఇదంతా విన్నాక నాకు తోచిందేమిటంటే, అత్తారింటికి వచ్చి ఎన్నేళ్లయినా మనలో పుట్టింటి అలవాట్లు కొన్ని పోవు కదా, ఇంగ్లీషు మాటలూ అంతే. పుట్టిల్లు తెలిస్తే స్పెల్లింగ్ సగం వచ్చినట్టే. అమెరికాలో 1925లో మొదలైన స్పెల్లింగ్ బీ పోటీల్లో పిల్లలు కూడా "ఈ మాట ఏ భాషది?" అని అడిగి మరీ చెబుతారు. 2024లో అందులో గెలిచిన పన్నెండేళ్ల బృహత్ సోమ మన తెలుగువాళ్ల అబ్బాయే!

పిన్నిగారు నేర్పిన చిట్కాలు ఇవీ:

మొదటిది, పుట్టిల్లు పట్టుకోవడం. సి, హెచ్ కలిసి 'క' అని పలికితే సాధారణంగా గ్రీకు మాట: కెమిస్ట్రీ, స్టమక్. 'ష' అని పలికితే ఫ్రెంచి: షెఫ్, మెషీన్. 'ఫ'కి పి, హెచ్ ఉంటే గ్రీకే: ఫోన్, ఫోటో. నన్నేడిపించిన డయేరియా కూడా గ్రీకుదే. ముందున్న డి, ఐ, ఏ మనకి తెలిసిన డయాబెటిస్ ముందున్నవే. ఆర్ పక్కన హెచ్ రుమటిజంలో ఉన్నట్టే. అందుకని డి, ఐ, ఏ, తర్వాత రెండు ఆర్‌లు, హెచ్, చివర ఓ, ఇ, ఏ.

రెండోది, అక్కచెల్లెళ్లని వెతకడం. ఒకచోట మూగగా ఉన్న అక్షరం చెల్లెలి దగ్గర నోరు విప్పుతుంది. సైన్‌లో పలకని జి సిగ్నేచర్‌లో పలుకుతుంది. డెట్‌లో పలకని బి డెబిట్‌లో పలుకుతుంది.

మూడోది, మనసులో అక్షరం అక్షరం తెలుగులా చదువుకోవడం. పైకి వెన్స్‌డే, లోపల 'వెడ్-నెస్-డే'.

నాలుగోది, చూడటం, మూసెయ్యడం, రాయడం, సరిచూసుకోవడం. రోజుకి ఐదు మాటలు చాలు. నేను చింపేసిన క్యాలెండరు కాగితాల వెనక, కుక్కరు మూడు కూతలు వేసేలోపు రాసేదాన్ని.

డైరీ, డెయిరీ గొడవ కూడా తీరింది. డైరీ లాటిన్‌లో రోజు అనే 'డియెస్' నుంచి వచ్చింది, అందుకే డి పక్కనే ఐ. డెయిరీ మాత్రం పిండి పిసికే పనిమనిషిని పిలిచే పాత ఇంగ్లీషు మాట నుంచి పుట్టింది. లేడీ అన్న మాటలోనూ ఆ పిండి పిసకడమే ఉందట. మొదట్లో దానర్థం రొట్టెల పిండి కలిపే ఆవిడ అని! రోజూ చపాతీపిండి కలిపే మనం కాక ఇంకెవరండీ లేడీలు?

ఇది జరిగి రెండేళ్లు దాటింది. మా అమ్మాయి ఇప్పుడు ఇంటర్. మొన్న ఏదో అప్లికేషన్ నింపుతూ గదిలోంచి కేకేసింది. "అమ్మా, నెసెసరీలో సి ఒకటా, రెండా?" "సి ఒకటి, ఎస్‌లు రెండు" అన్నాను పోపు వేస్తూనే. పైకి మామూలుగా అన్నాను గానీ, ఆవాలు కాస్త మాడిపోయాయి.

పోయిన వారం మా వాడికి ఒళ్లు కాలిపోయింది. థర్మామీటరు పెట్టి చూస్తే నూట రెండు. డైరీ తీసి 'ఫీవర్' అని రాసి సంతకం పెడుతుంటే, ఈసారి నిజమే రాస్తున్నానని నాకే నవ్వొచ్చింది.