టోపీ మార్చే విజేతలు

అమెరికాలో నాస్కార్ కారు రేసులు టీవీలో చూసినవాళ్ళకి ఈ తంతు తెలిసే ఉంటుంది. గెలిచిన డ్రైవరు కారు దిగగానే మొహం మీద మైకు పెడతారు. వాడు ముందు స్పాన్సర్ల పేర్లన్నీ గడగడా అప్పజెప్పి, ఆ తర్వాతే రేసు సంగతి చెప్తాడు. ఆ పైన ఒక్కో స్పాన్సరు టోపీ మార్చుకుంటూ ఒక్కో ఫోటో. (మన భాషలో టోపీ పెట్టడానికి ఇంకో అర్థం ఉందిలెండి!)

ఇదేమీ ఊరికే రాలేదు. 1971లో అమెరికా టీవీలో సిగరెట్ ప్రకటనలు నిషేధించారు. ఆ ఏడాదే విన్స్టన్ సిగరెట్ వాళ్ళు నాస్కార్‌లోకి వచ్చారు. 2003 దాకా అది విన్స్టన్ కప్పే. ప్రకటన వెయ్యకూడదు సరే, కప్పు పేరు పలకకుండా రేసు ఎలా చూపిస్తారు? 1989 డేటోనా 500లో డారెల్ వాల్‌ట్రిప్ గెలిచింది టైడ్ సబ్బుపొడి కారులో. సబ్బుకీ స్పీడుకీ ఏం సంబంధమో మరి.

మన గోదావరి వైపుకి వద్దాం. అమలాపురం కుర్రాడు సాత్విక్ సాయిరాజ్ 2023 ఏప్రిల్ 14న గంటకి 565 కిలోమీటర్ల స్మాష్ కొట్టి గిన్నిస్‌కెక్కాడు. జపాన్‌లో యోనెక్స్ ఫ్యాక్టరీ జిమ్నాజియంలో, యోనెక్స్ రాకెట్టుతో. ప్రకటన కాదా అంటే, ప్రకటనే. కానీ చెయ్యి అతనిదే, రాకెట్టు అతను రోజూ ఆడే కంపెనీదే. నాకేం అభ్యంతరం కనపళ్ళేదు.

2001లో ఆల్ ఇంగ్లండ్ గెలిచాక గోపీచంద్ కూల్‌డ్రింకు ప్రకటన వద్దన్నాడు. తను తాగడం మానేసినదాన్ని పిల్లల్ని తాగమని చెప్పనన్నాడు. నా లెక్కలో గీత అక్కడే ఉంది: డబ్బు తీసుకోవడం తప్పు కాదు, తను వాడనిది పక్కవాడికి అంటగట్టడం తప్పు.

క్రీడాకారుల్ని అనేముందు మన సంగతీ చూసుకోవాలి. మెడలో కంపెనీ ట్యాగు వేసుకున్న మనమూ స్పాన్సరు మనుషులమే. పండక్కి ఊరెళ్తే పిన్ని కొడుకు అడుగుతాడు, "అన్నయ్యా, మీ కంపెనీలో చేరమంటావా?" అని. వాడు చేరితే మనకి రిఫరల్ బోనస్. మనమేమో ఆరునెల్లుగా వేరే ఉద్యోగం వెతుక్కుంటూ ఉంటాం. అప్పుడేం చెప్తాం?

నాస్కార్ డ్రైవరు చొక్కా నిండా ఎవరి డబ్బో రాసే ఉంటుంది. చూసేవాడు దాన్నిబట్టి వాడి మాటకి విలువ కడతాడు. పిన్ని కొడుక్కి మన చొక్కా మీద ఏమీ కనపడదు. వాడు అన్నయ్య మాటనే నమ్ముతాడు.