అసలు సిసలు సినిమా కష్టాలు

సినిమా హిట్టయ్యాక వచ్చే 'మేకింగ్' వీడియోలు చూస్తే, నాకు రిలీజయిన మర్నాడు ఆఫీసులో పెట్టే మీటింగు గుర్తొస్తుంది. అందరూ అందర్నీ పొగిడేస్తుంటారు. పని ఎక్కడ ఆగిపోయిందో, డబ్బులిస్తానని ఎవరు చేతులెత్తేశారో ఒక్కడూ చెప్పడు.

ఇవి చూసి విసుగెత్తిన వాళ్ళు 'అమెరికన్ మూవీ' చూడాలి. క్రిస్ స్మిత్ అనే ఇండిపెండెంట్ దర్శకుడి డాక్యుమెంటరీ. 1999లో సన్‌డాన్స్‌లో గ్రాండ్ జ్యూరీ బహుమతి కొట్టింది.

హీరో మార్క్ బోర్చార్డ్ట్. ఊరు విస్కాన్సిన్‌లో మిల్వాకీ పక్కన. ముప్పై ఏళ్ళు, ముగ్గురు పిల్లలు, పీకల్దాకా అప్పులు, శ్మశానంలో ఊడ్చే ఉద్యోగం. 'నార్త్‌వెస్టర్న్' అనే పెద్ద సినిమా తీయాలని కల. డబ్బుల్లేవు. అందుకని ఎప్పుడో సగంలో ఆగిపోయిన 'కోవెన్' అనే పొట్టి హారర్ సినిమా ముందు పూర్తి చేసి, 3,000 కేసెట్లు అమ్మి, ఆ డబ్బుతో పెద్దది తీస్తాడట. మన భాషలో చెప్పాలంటే స్కోపు కోసేసి మొదటి వెర్షన్ వదలడం అన్నమాట. (ఆ మాటని ఇంగ్లీషులో 'కవెన్' అనాలి. అలా అంటే 'అవెన్'లా వినిపిస్తుందని ఈయన ఒప్పుకోడు. మనం దాన్నే ఓవెన్ అంటాం కాబట్టి మన దగ్గర తప్పించుకోలేడు, పాపం!)

ఒక సీన్లో నటుడి తల వంటింటి అల్మారా తలుపులోంచి బద్దలుకొట్టుకుని బయటికి రావాలి. తలుపు విరగదు. మళ్ళీ గుద్దుతారు. విరగదు. గుద్దించుకునేవాడి తల నిజం తలే మరి! జనం రాకపోతే వాళ్ళమ్మే నటి, వాళ్ళమ్మే కెమెరామన్.

నా ఫ్రెండ్సు ఇది చూసి పడీపడీ నవ్వారు. నేనూ నవ్వాను, కాదనను. కానీ మార్క్‌ని చూసి నవ్వుకోవడానికే దీన్ని తీశారంటే ఒప్పుకోను. అలా అయితే స్మిత్ బిల్ మావయ్యని అన్నిసార్లు చూపించక్కర్లేదు. ఎనభై దాటిన ముసలాయన, ట్రైలర్ ఇంట్లో ఒంటరిగా ఉంటాడు. మార్క్ సినిమాకి 3,000 డాలర్లు పెట్టింది ఆయనే. ఆ సినిమా మీద నమ్మకం ఉండి కాదు. అసలాయనకి దేని మీదా పెద్ద నమ్మకం ఉన్నట్టు కనిపించదు. అలాంటి మనిషిని కార్లో కూర్చోబెట్టి, బతకడానికి ఏదో ఆశ ఉందనే అర్థం వచ్చే డైలాగొకటి డబ్బింగ్ చెప్పిస్తాడు మార్క్. టేకు మీద టేకు. ముసలాయన మాట తడబడుతుంది, మర్చిపోతాడు, విసుక్కుంటాడు. ఇతను వదలడు. ఈ ఇతనే ఇంకో సీన్లో ఆయనకి స్నానం చేయిస్తాడు. వాడుకుంటున్నాడా, ప్రేమా? రెండూనేమో. స్మిత్ తేల్చడు, కెమెరా కట్టేయడు కూడా. నాకు బాగా నచ్చింది అదే.

మార్క్‌కి టాలెంటు ఉందా అంటే, 'కోవెన్' గొప్ప సినిమా అని నేనైతే చెప్పలేను. కానీ పూర్తయింది. 1997లో మిల్వాకీ థియేటర్లో జనం ముందు ఆడింది. మూలపడ్డ పెట్ ప్రాజెక్టుల ఫోల్డరు మన అందరి దగ్గరా ఉంటుంది కదా, ఆ మాట ఎంత బరువైందో వేరే చెప్పక్కర్లేదు.

బిల్ మావయ్య ఆ ఏడాదే పోయాడు. పోతూ, 'నార్త్‌వెస్టర్న్' తీసుకోమని మార్క్‌కి 50,000 డాలర్లు రాసిచ్చాడు.

పాతికేళ్ళు దాటాయి. ఆ సినిమా ఇంకా రాలేదు.