పినాకినికి ఒక తాళం

హోసూరు పక్కన కెలవరపల్లి జలాశయంలోకి దక్షిణ పినాకిని చాలాసార్లు తెల్లటి నురగలు కక్కుతూ వస్తుంది. నందికొండల్లో పుట్టిన ఏరు, దారిలో బెంగళూరు మురుగునూ ఫ్యాక్టరీల రసాయనాలనూ మోసుకొస్తోంది. కిందికి పారి కృష్ణగిరి ఆనకట్టకు చేరేదీ ఆ నీళ్లే. ఆపైన మారుతున్న వాతావరణం. ఎండ ముదిరినా, అదను తప్పి వాన కురిసినా కృష్ణగిరి మామిడి పూత రాలిపోతుంది.

ఈ బాధ పాటలో, ఆటలో పలకదా?

పలికించినవాళ్లున్నారు. బెంగళూరు స్వరకర్త రికీ కేజ్ పర్యావరణం మీద కూర్చిన ‘శాంతి సంసార’ 2015లో పారిస్ వాతావరణ సదస్సులో విడుదలైంది. అదే ఏడాది సోఫియా అష్రఫ్ కొడైకెనాల్ పాదరస కాలుష్యంపై ర్యాప్ పాడింది. లక్షలమంది విన్నారు. మరుసటి ఏడాది అక్కడి ఫ్యాక్టరీ నడిపిన యూనిలీవర్ అనుబంధ సంస్థ 591 మంది మాజీ కార్మికులతో ఒప్పందానికొచ్చింది. దాని వెనక ఏళ్ల పోరాటం ఉంది, నిజమే. కానీ ఆ గోడును కొండ దించి లోకానికి వినిపించడంలో పాట వంతు చిన్నది కాదు.

కృష్ణగిరి పల్లెల్లో రాత్రంతా ఆడే వీధినాటకం తెరుక్కూత్తు ఉంది. హోసూరు కుర్రాళ్ల చేతుల్లో ల్యాప్‌టాప్‌లున్నాయి. మద్దెల మోతకు ఎలక్ట్రానిక్ బీట్ జోడించి, పినాకిని కథను తెలుగులో, తమిళంలో, కన్నడంలో ఆడండి. మొదటి ప్రదర్శన కెలవరపల్లి గట్టుమీదే పెట్టండి.