మంద విడిచిన మాట

ఇంగ్లీషులో ‘ఎగ్రీజియస్’ అని ఒక విశేషణం వున్నది. రోజువారీ సంభాషణలో అది అరుదు. బజారులో బేరమాడే ఇంగ్లీషువాడికి దానితో పని పడదు. కోర్టు తీర్పులలో, విచారణ సంఘాల నివేదికలలో, పత్రికల సంపాదకీయాలలో, ఒకరి పుస్తకాన్ని మరొకరు చీల్చి చెండాడే సమీక్షలలో మాత్రం అప్పుడప్పుడు కనిపిస్తుంది. నిఘంటువు తీస్తే దాని అర్థం ఒక్క వాక్యంలో తేలిపోతుంది: కొట్టవచ్చినట్టు కనిపించేంత చెడ్డది. ఇంతమాత్రానికి ఒక వ్యాసమెందుకని పాఠకులు అడగవచ్చు. నా సమాధానం ఇది. కొన్ని మాటలు ఒక వస్తువును వేలు పెట్టి చూపిస్తూనే దాని పక్కనున్న వందింటిని కప్పివేస్తాయి. ఇది అటువంటి మాట. అది చూపించేదాన్ని గురించి నిఘంటువు చెబుతుంది. కప్పివేసేదాన్ని గురించి మనమే ఆలోచించుకోవాలి.

లాటిన్ భాషలో ‘గ్రెక్స్’ అంటే మంద. గొర్రెల మంద కావచ్చు, గొడ్ల మంద కావచ్చు. మందలోనుంచి వెలుపలికి వచ్చి విడిగా నిలిచినది ‘ఎగ్రీగియుస్’. ఈ ఒక్క మందనుంచే ఇంగ్లీషులోకి చాలా మాటలు నడిచి వచ్చినవి. చర్చిలో ప్రార్థనకు కూడిన జనం ‘కాంగ్రిగేషన్’. అన్నిటినీ ఒక్కచోట చేర్చి లెక్కకట్టిన మొత్తం ‘అగ్రిగేట్’; పరీక్షల మార్కుల ధర్మమా అని మన విద్యార్థులందరికీ ఈ మాట తెలుసు. నలుగురిలో పడితేగాని పొద్దుపోనివాడు ‘గ్రిగేరియస్’. మందలోనుంచి విడదీసి వేరే దొడ్డిలో కట్టెయ్యటం ‘సెగ్రిగేషన్’. అమెరికాలో నల్లవారి పిల్లలకు వేరే బడులు పెట్టిన పద్ధతికి ఇదే పేరు. 1954లో బ్రౌన్ కేసులో అక్కడి సుప్రీంకోర్టు చెల్లదని చెప్పింది ఆ పద్ధతినే. ఒకే దొడ్డికి ఇన్ని తలుపులున్నాయి. వీటిలో మనిషిని గౌరవంగా బయటికి తీసుకువచ్చే తలుపు ‘ఎగ్రీజియస్’ ఒక్కటే. కనీసం మొదట్లో అట్లా వుండేది.

రోమన్ సామ్రాజ్యంలో ఇది బిరుదు కూడా అయింది. సెనేటర్ల కింది అంతస్తుకు చెందిన అశ్వికవర్గంనుంచి వచ్చిన ఉన్నతోద్యోగులను ‘విర్ ఎగ్రీగియుస్’ అనేవారు, అంటే విశిష్ట పురుషుడని. ఇంగ్లీషులోకి 16వ శతాబ్దంలో వచ్చినప్పుడు కూడా ఈ మాట ప్రశంసగానే వచ్చింది. 1590లో అచ్చయిన మార్లో నాటకం ‘టాంబర్లేన్’ రెండవ భాగంలో ఒక రాజు తన రాజప్రతినిధులను ఈ విశేషణంతోనే గౌరవంగా సంబోధిస్తాడు. షేక్స్‌పియర్ నాటకాలకు వచ్చేసరికి గాలి మారింది. ‘ఒథెల్లో’లో ఇయాగో తన సేనానిని పచ్చి గాడిదను చెయ్యాలని లోలోపల పథకం వేసుకునేటప్పుడు ఈ మాటను వాడతాడు. ‘సింబలీన్’లో భార్యను చంపించానని నమ్మి కుమిలిపోయే భర్త తనను తాను హంతకుడని తిట్టుకుంటూ ముందు ఈ విశేషణం తగిలించుకుంటాడు. 1755లో వెలువడిన శామ్యూల్ జాన్సన్ నిఘంటువు మంచి అర్థాన్నీ చెడ్డ అర్థాన్నీ రెండింటినీ ఇచ్చింది. ఇవాళ ఇంగ్లీషులో చెడ్డ అర్థమే మిగిలింది.

ఇటలీలో మాత్రం పాత అర్థం బతికే వున్నది. అక్కడ మర్యాదగా రాసే ఉత్తరం మొదట్లో ‘ఎగ్రేజో సిన్యోరె’ అని సంబోధిస్తారు. మన పెద్దల ఉత్తరాలలోని ‘మహారాజశ్రీ’ వంటిది. ఆ సంబోధననే మక్కికి మక్కి ఇంగ్లీషు చేసి లండనుకు పంపితే అందుకున్నవాడు వకీలును వెతుక్కుంటూ పోతాడు.

పొగడ్త తిట్టుగా ఎట్లా మారింది? వ్యంగ్యంవల్ల. తెలుగువాళ్ళకు ఇందులో వింత ఏమీ లేదు. ‘ప్రబుద్ధుడు’ అంటే సంస్కృతంలో మేల్కొన్నవాడు, జ్ఞాని. “ఆ ప్రబుద్ధుడు ఎక్కడ తగలడ్డాడు?” అని ఇంట్లో తండ్రి కేక వేస్తే, ఆయన జ్ఞానికోసం వెతుకుతున్నాడని ఎవరూ అనుకోరు. ‘ఘనకార్యం’ అన్న మాటలో ఘనత ఏనాడో పోయింది. పరమ మూర్ఖుడనీ, శుద్ధ అబద్ధమనీ అంటున్నప్పుడు పరమత్వమూ శుద్ధీ ఏ పనికి దిగినవో గమనించండి. “వాడు సామాన్యుడు కాదు” అన్నది అన్నిటికన్నా దగ్గరి పోలిక. అదే వాక్యం ఒక నోట మెప్పు, మరొక నోట హెచ్చరిక. మందలోనుంచి బయటికి వచ్చినవాడు దేనికోసం వచ్చాడో తేలేదాకా మనం తీర్పు ఇవ్వం.

అయితే ఈ పతనంలో ఒక విశేషం వున్నది. సి. ఎస్. లూయిస్ 1960లో ప్రచురించిన ‘స్టడీస్ ఇన్ వర్డ్స్’ అనే పుస్తకంలో, అంతస్తును చెప్పే మాటలు క్రమంగా గుణాన్ని చెప్పే మాటలుగా మారటాన్ని చర్చించాడు. ఆయన అభ్యుదయవాది కాడు గాని, ఆయన గమనించింది మనకు పనికివస్తుంది. పెద్ద వ్యవసాయ క్షేత్రంలో పనిచేసే పాలేరు ‘విలన్’ అయినాడు. మంచి వంశంలో పుట్టినవాడిని చెప్పే ‘జెనరస్’ అనే మాటకు ఔదార్యం అర్థమయింది. జనసామాన్యానికి సంబంధించినది ‘వల్గర్’, అంటే అసభ్యం. కిందివాడి పేరు తిట్టు అయింది, పైవాడి పేరు సుగుణమయింది. మనకూ ఈ పుణ్యం దక్కింది. నగరంలో వుండేవాడిది నాగరికం. గ్రామంలో వుండేవాడిది గ్రామ్యం. కోట్లమంది నోట పలికే జీవద్భాషకు ‘గ్రామ్యం’ అని పేరుపెట్టి బడి గుమ్మం తొక్కనివ్వకపోతే, గిడుగు రామమూర్తి ఆ ముద్రను చెరిపించటానికి జీవితకాలం ధారపోయవలసి వచ్చింది.

ఇటువంటి మాటల లోకంలో ‘ఎగ్రీజియస్’ తిరుగుబాటుదారులా కనిపిస్తుంది. పైవాడి బిరుదు కిందికి జారిపడింది. మందకన్నా గొప్పవాడినని విర్రవీగినవాణ్ని చూసి మంద నవ్విన నవ్వు ఇందులో వినిపిస్తుంది. నా స్వభావానికి ఈ వ్యాఖ్యానం బాగా నచ్చుతుంది. కాని ఇంతటితో సంతోషించి ఊరుకుంటే, మాట ఎక్కడనుంచి వచ్చిందో చూసినవాళ్ళం అవుతాం గాని, ఇవాళ ఏ పని చేస్తున్నదో చూసినవాళ్ళం కాము.

దాని వాడుకను గమనించండి. ఈ విశేషణం అన్ని నామవాచకాల పక్కనా నిలబడదు. ఆకలిని, జ్వరాన్ని, వరదను ‘ఎగ్రీజియస్’ అనరు. పొరపాటు, అబద్ధం, నిర్లక్ష్యం, హక్కుల ఉల్లంఘన — మనిషి చేసిన తప్పుల పక్కనే అది నిలుస్తుంది. పైగా ఒక్క తప్పు వున్నచోట దానికి చోటులేదు. పోల్చటానికి మరికొన్ని తప్పులుండాలి. మంద వుంటేనే గదా మంద విడిచినది వుండేది!

ఇది నాకు పుస్తకాలవల్ల తెలిసిన సంగతి కాదు. కొన్నేళ్ళ కిందట ఒక కర్మాగారంలో జరిగిన ప్రమాదంమీద వెలువడిన విచారణ నివేదికను అక్కడి కార్మికులకోసం తెలుగు చేసే పని నాకు అప్పగించారు. తప్పుల జాబితా పెద్దదే. తనిఖీలు సకాలంలో జరగలేదు. పీడనం చూపే ముల్లు చాలాకాలంగా పనిచెయ్యటంలేదు. కాంట్రాక్టు కూలీలకు పని నేర్పకుండానే యంత్రాల దగ్గర నిలబెట్టారు. బయటికి పోయే దారికి అడ్డంగా సరుకు పేర్చారు. వీటన్నిటినీ నివేదిక ‘కార్యవిధాన లోపాలు’ అన్నది. ప్రమాద సూచన చేసే గంట తీగెను కావాలని తప్పించివుంచటాన్ని ఒక్కదాన్నే ‘ఎగ్రీజియస్’ నిర్లక్ష్యమన్నది.

తెలుగులో ఏమనాలి? ‘ఘోరమైన’ అంటే రక్తం కనిపిస్తుందిగాని తప్పు కనిపించదు. ‘పచ్చి’ అనేది అబద్ధానికీ మోసానికీ అతికినట్టు నిర్లక్ష్యానికి అతకదు. చివరకు ‘బరితెగించిన నిర్లక్ష్యం’ అని రాశాను. బరి అంటే హద్దు. హద్దు తెంచుకుని పోవటంలో మంద విడిచిన పోలిక కూడా కొంత నిలిచిందని నాకు తృప్తి కలిగింది.

ఆ అనువాదాన్ని కార్మికుల ముందు చదివాం. వాళ్ళలో పని విరమించిన ఒక ఫిట్టరు వున్నాడు. అంతా విని ఆయన అడిగాడు: “బరి తెగింది ఒకటి చెప్పారు, బాగుంది మాష్టారూ. బరి లోపల వున్నవాటిని ఏమన్నారు?”

“లోపాలన్నారు.”

“ఆ లోపాల మధ్యనేగా మేం ముప్ఫయ్యేళ్ళు పనిచేసింది” అన్నాడాయన.

ఆయనకు లాటిన్ రాదు. కాని ఈ విశేషణం చేసే పనిని అంత కచ్చితంగా నాకు మరెవరూ చెప్పలేదు. ఒక తప్పును మందలోనుంచి బయటికి లాగి వెలుతురులో నిలబెడితే, మిగిలిన తప్పులు మంద అయిపోతాయి. మంద అంటే మామూలు. మామూలంటే భరించదగినది. ఖండించటానికి వచ్చిన మాట క్షమాపత్రం కూడా రాసిపెట్టి పోతుంది.

న్యాయస్థానంలో ఇది కేవలం భాషావిషయంగా వుండదు. 1984లో అమెరికా సుప్రీంకోర్టు లోపెజ్-మెండోజా కేసులో ఒక ప్రశ్నను విచారించింది. వలసవచ్చిన కార్మికులను రాజ్యాంగానికి విరుద్ధంగా పనిచేసే చోటనే పట్టుకుని రాబట్టిన వాంగ్మూలాలను, వాళ్ళను దేశంనుంచి పంపివేసే విచారణలో సాక్ష్యంగా వాడవచ్చునా? మామూలుగా క్రిమినల్ విచారణలో అట్లా సంపాదించిన సాక్ష్యం చెల్లదు. ఇక్కడ మాత్రం చెల్లుతుందని అయిదుగురు న్యాయమూర్తులు, చెల్లదని నలుగురు అన్నారు. చెల్లుతుందన్నవారిలో నలుగురు ఒక మినహాయింపుకు చోటు వుంచారు: ఉల్లంఘన ‘ఎగ్రీజియస్’ అయితే సంగతి వేరు కావచ్చునని. అప్పటినుంచి కింది కోర్టులలో వాదమంతా ఈ విశేషణంచుట్టూ తిరుగుతున్నది. 1994లో తొమ్మిదవ సర్క్యూట్ అప్పీలు కోర్టు, ఒక మనిషిని కేవలం అతని జాతి రూపురేఖలు చూసి ఆపటం ఆ కోవలోకి వస్తుందని తీర్పు చెప్పింది. మంచిదే. కాని తీర్పు తలకిందులుగా కూడా చదవాలి. హక్కును ఉల్లంఘించారని రుజువు చేస్తే చాలదు. మిగతా ఉల్లంఘనలలోనుంచి విడిగా నిలిచేంతగా ఉల్లంఘించారని రుజువు చెయ్యాలి. మనిషి ఆ దేశంలో వుండటమో పోవటమో, మందకూ మంద విడిచినదానికీ మధ్య గీసిన గీతమీద ఆధారపడి వున్నది.

ఈ గీతను సాహిత్యంలో మనం కూడా గీస్తూనే వున్నాం. మన కథల్లో భూస్వామి తరుచు రాక్షసుడుగా వస్తాడు. మీసం మెలేస్తాడు, కొరడా ఝళిపిస్తాడు, గుడిసెలు తగలబెడతాడు. ఆఖరి పుటలో వాడు చస్తే పాఠకుడు తేలికగా ఊపిరి పీలుస్తాడు. అటువంటివాళ్ళు లేరని కాదు. కాని పద్ధతిగా పూజ చేసుకుంటూ, పలకరించి మజ్జిగ ఇప్పిస్తూ, పంటలో మూడువంతులు కొలిపించుకుపోయే మర్యాదస్థుడు ఈ రాక్షసుడి నీడలో భద్రంగా దాక్కుంటాడు. ఆ కథ చదివి ఆయన కూడా రచయితను మెచ్చుకోగలడు.

గురజాడ ఈ వలలో పడలేదు. ‘కన్యాశుల్కం’ తొలి కూర్పుకు 1897లో రాసిన ముందుమాటలో ఆయన ఒక జాబితాను పేర్కొన్నాడు. విజయనగరం మహారాజా విశాఖపట్నం జిల్లాలో జరిగిన శుల్క వివాహాలను లెక్క రాయించగా మూడేళ్ళలో 1034 తేలినవి. వీటిలో ఏడాది వయసు పిల్లల పెళ్ళిళ్ళు కూడా వున్నవి. ఆ పసిపిల్లల కథ ఒక్కటే తీసుకుని కన్నీటి నాటకం రాయవచ్చు. ఆయన రాయలేదు. కూతుర్ని అమ్ముకునే అగ్నిహోత్రావధాన్లను రాక్షసుణ్ని చెయ్యలేదు. కోపిష్టి, వ్యాజ్యాలమారి, తన మట్టుకు తాను ధర్మం తప్పలేదనుకునే మామూలు గృహస్థును చేశాడు. కొనుక్కునే లుబ్ధావధాన్లు కూడా మామూలు పిసినారే. ఆ నాటకం మొత్తం మందను రంగంమీదికి తోలుకొచ్చింది. నవ్వుతున్న ప్రేక్షకుడికి తన ఇల్లు ఎక్కడో ఆ గుంపులోనే కనిపించింది. అందుకే అది గుచ్చుకున్నది.

తప్పులన్నీ సమానమేనని నా వాదం కాదు. అట్లా అంటే ఏ తప్పుకూ శిక్షలేకుండా పోతుంది. “అందరూ అంతే” అన్నది దొంగలకు ఎప్పుడూ ఇష్టమైన సిద్ధాంతం. గంట తీగె తప్పించినవాడిదీ, తనిఖీ పుస్తకంలో సంతకం మరిచినవాడిదీ ఒక్క దోషం కాదు. తేడా చెప్పటానికి మాట కావాలి. ఇంగ్లీషుకు ‘ఎగ్రీజియస్’ వున్నది, మనకు ‘బరితెగించిన’ వున్నది. వాడదాం. అయితే బరి ఎవరు కట్టారో, ఎక్కడ కట్టారో, దాని లోపల ఎన్ని తలలున్నాయో కూడా అదే వాక్యంలో కాకపోయినా అదే పుటలో చెప్పాలి. మంద సంగతి చెప్పని ఖండన ఎంత తీవ్రంగా వున్నా సగం ఖండనే. ఆ మిగిలిన సగం ఎక్కువగా ‘లోపాలు’ అనే శీర్షిక కింద వుంటుంది. విమర్శకుడు ముందు చదవవలసింది ఆ శీర్షికనే.