ఇంట్లో చాకిరేవు

ఇంట్లోకి కొత్త యంత్రం వస్తే పసుపు రాసి, కుంకుమ పెట్టి, కొబ్బరికాయ కొడతాం. అది ఎక్కడ ఉండాలన్న ప్రశ్న మాత్రం, ఖాళీ ఎక్కడుంటే అక్కడే తేలిపోతుంది.

మా బావమరిది సినిమాల్లో కాస్ట్యూముల పని చూస్తాడు. కాపురం ఫిలింనగర్‌లో. 1976లో అక్కినేని నాగేశ్వరరావుగారి అన్నపూర్ణ స్టూడియో వెలిసేనాటికి ఆ చుట్టుపక్కలంతా రాళ్లగుట్టలే. ఆ రాళ్ల సంగతి కాస్త గుర్తుంచుకోండి, మళ్లీ పనిపడుతుంది.

ఉన్న వాషింగ్ మిషన్ చాలక, ఈమధ్య అతను ముందువైపు తలుపున్నది ఇంకొకటి కొన్నాడు. వెనక బాల్కనీ చూస్తే ఐదడుగులకు మించదు.

"పాతదాని మీద కొత్తది ఎక్కించేద్దాం బావగారూ! జూబ్లీహిల్స్‌లో అంతస్తు మీద అంతస్తు వెయ్యడం కొత్తా?" అన్నాడు.

నేను చదివింది ఎం.ఏ. తెలుగు. అయినా యంత్రంతో వచ్చిన పుస్తకాన్ని కూడా ప్రబంధంలా ప్రతిపదార్థంతో చదవడం నా అలవాటు. పాతదానికి మూత పైనుంది. దాని నెత్తిన ఏమీ పెట్టకూడదు. కొత్తది 60 కిలోల పైమాటే. బట్టలు పిండేటప్పుడు నిమిషానికి 1200 చుట్లు తిరుగుతుంది. ముందుతలుపు మిషన్ మీద పెట్టదగ్గది బట్టలారబెట్టే డ్రయ్యరు. అదీ కంపెనీవాళ్ల బందుతో బిగిస్తేనే. అంచేత రెండూ పక్కపక్కనే, మధ్య కాస్త ఎడంతో పెట్టించాను. ప్రయాణంలో కదలకుండా వెనక బిగించిన బోల్టులు తీయించాను. నాలుగు కాళ్లూ సమంగా ఆనేదాకా రసమట్టం పెట్టి చూశాం.

అంతా అయ్యాక, గుమ్మంలో నిలబడ్డ పనిచేసే ఆవిడ మెల్లిగా అంది: "పాత మిషన్‌కి తడిచెయ్యి తాకితే జివ్వుమంటది సారూ. ఏడాది సంది గట్లనే. చెప్పులేసుకొని చేస్తున్న."

ఎవరికీ నోట మాట రాలేదు. బావమరిది స్విచ్చి ఆపి ప్లగ్గు పీకేశాడు.

ఎలక్ట్రీషియన్ వచ్చి సాకెట్టు విప్పాడు. రంధ్రాలు మూడున్నాయి గాని, మూడోదాని తీగ ఎక్కడికీ పోలేదు. లీకైన కరెంటుకి భూమిలోకి దారి లేకపోతే, తడిచేత్తో ముట్టుకున్న మనిషే దారి! కింద చూస్తే ఎర్తింగు గొయ్యి రాతిలో ఎండిపోయి ఉంది. ఎండురాయి కరెంటును సులువుగా పోనివ్వదు. గొయ్యి లోతు చేయించి, బొగ్గూ ఉప్పూ నింపి, నీళ్లు పట్టించారు. మూడో తీగ దానికి కలిపారు. ఒక్కో మిషనుకి విడిగా 16 ఆంపియర్ల సాకెట్టు, 30 మిల్లీ ఆంపియర్లు లీకైతే చాలు కరెంటు ఆపేసే ఆర్.సి.సి.బి. పెట్టారు.

ఆ ఏడాదంతా ఇంటిల్లిపాదీ ఉతికిన బట్టలే కట్టుకున్నారు. ఆ చురుకు మాత్రం ఒక్కరికే తెలుసు. కొత్త యంత్రం పెట్టేముందు పుస్తకాన్ని అడుగుదాం, ఎలక్ట్రీషియన్‌ని అడుగుదాం. రోజూ దాన్ని ముట్టుకునే మనిషిని అందరికంటే ముందు అడుగుదాం.