సైతాను నడిపిన సినిమా హాలు

కోపెన్‌హాగన్ నగరానికి పడమటి శివారు రోడోవ్రే. 1944 నుంచి అక్కడి ‘రియో బియో’ అనే థియేటర్‌ను ఓ పెద్దాయన నడిపేవాడు. ఇరవై ఏళ్ల కిందట ఐరోపాను హడలెత్తించిన సైతాను ఆయనే! పేరు బెంజమిన్ క్రిస్టెన్సెన్. డెన్మార్క్ మూకీల కాలంలో నటుడు, దర్శకుడు. ఆయన జీవితం చూడాలంటే కోపెన్‌హాగన్‌లో మూడు శివార్లు తిరిగితే చాలు. ఒకదాని నుంచి మరోదానికి రైలెక్కితే గంట లోపు ప్రయాణమే. ఆయనకు మాత్రం ఆ దారి మూడు దశాబ్దాలు పట్టింది... మధ్యలో హాలీవుడ్ మీదుగా!

క్రిస్టెన్సెన్ పుట్టింది 1879లో, జట్లండ్ ద్వీపకల్పంలోని వీబోర్గ్‌లో. వైద్యం చదవబోయి మానేశాడు. ఒపెరా గాయకుడయ్యాడు. తీరా వేదికెక్కితే బెరుకుతో గొంతు పెగల్లేదు. పాట వదిలేసి నాటకాల్లో వేషాలు వేశాడు, షాంపేన్ అమ్మాడు. సినిమాల్లోకి వచ్చేసరికి ముప్ఫై దాటాయి. మూకీ సినిమాకు గొంతుతో పనిలేదు కదా!

మొదటి మజిలీ నగరానికి ఉత్తరాన ఉన్న హెలెరప్. ఎదురుగా ఓరెసుండ్ జలసంధి, ఆవలి ఒడ్డున స్వీడన్. ఇక్కడి ఓ చిన్న కంపెనీకి క్రిస్టెన్సెన్ తీసిన తొలి చిత్రం ‘రహస్యమయ ఎక్స్’ 1914లో విడుదలైంది. దేశద్రోహం నింద పడిన నౌకాదళ అధికారి కథ. దర్శకుడూ ఆయనే, కథానాయకుడూ ఆయనే. తెర మీద ఉన్నదంతా వెలుగుతో నింపేయడమే గొప్పనుకునే రోజుల్లో ఆయన చీకటిని వాడుకున్నాడు. మనిషిని నల్లటి నీడగా నిలబెట్టి, తలుపు సందులోంచి ఒక్క వెలుగు చార పంపాడు. 1916లో వచ్చిన ‘ప్రతీకార రాత్రి’లోనూ అంతే. చేయని నేరానికి శిక్షపడ్డ మనిషిగా తనే నటించాడు.

తర్వాతిది ‘హెక్సన్’. అంటే మంత్రగత్తె. ఈసారి డబ్బు పెట్టింది స్వీడన్ కంపెనీ. ఆయన కోసం హెలెరప్‌లో స్టూడియోనే కొనిచ్చింది. ఒకప్పుడు మంత్రగత్తెలని ముద్రవేసి తగలబెట్టిన ఆడవాళ్లు నిజానికి ఎవరు? ఏ దిక్కూలేని ముసలివాళ్లు, మానసిక రోగులేనని క్రిస్టెన్సెన్ వాదన. ఆ మాట చెప్పే సినిమాలో సైతాను వేషం తనే కట్టాడు. నాలుక ఆడిస్తూ కిటికీలోంచి పిలిచే ఆ రూపం చూస్తే ఇప్పటికీ ఒళ్లు జలదరిస్తుంది. నేత పనిచేసే ముసలవ్వ పాత్ర వేసిన ఆవిడ మాత్రం సైతాను నిజమేననీ, తన మంచం పక్కన కూర్చోగా చూశాననీ షూటింగ్ మధ్యలో చెప్పిందట. ఆ సంగతినీ సినిమాలో పెట్టేశాడాయన!

1922లో స్టాక్‌హోమ్‌లో విడుదలైన ‘హెక్సన్’ స్కాండినేవియా మూకీల్లోకెల్లా ఖరీదైనది. చాలా దేశాల్లో సెన్సార్ కత్తెర పడింది. ఆ తర్వాత హెలెరప్ ఖాళీ అయింది. బెర్లిన్‌లో డ్రేయర్ తీసిన ‘మైకేల్’ (1924)లో చిత్రకారుడిగా నటించిన క్రిస్టెన్సెన్, అక్కణ్నుంచి అమెరికా చేరాడు. నార్మా షియరర్‌తో ‘డెవిల్స్ సర్కస్’ (1926), లాన్ చేనీతో ‘మాకరీ’ (1927) తీశాడు. ‘హెక్సన్’ లాంటిది మరొకటి తీసే అవకాశం మాత్రం అక్కడ రాలేదు. 1930ల్లో ఇంటిదారి పట్టాడు.

రెండో మజిలీ వాల్బీ. 1906లో పుట్టిన నార్డిస్క్ కంపెనీ స్టూడియో ఇక్కడే. భూగోళం మీద నిలబడ్డ తెల్ల ఎలుగుబంటి దాని గుర్తు. అరవై ఏళ్ల వయసులో క్రిస్టెన్సెన్ ఈ కంపెనీకి మళ్లీ మెగాఫోన్ పట్టాడు. ‘విడాకుల పిల్లలు’ (1939)తో మొదలుపెట్టి మూడు సాంఘిక చిత్రాలు తీశాడు. 1942లో వచ్చిన గూఢచారి కథ ‘లేత రంగు చేతి తొడుగుల మహిళ’ బోల్తా కొట్టింది. మళ్లీ సినిమా తీయలేదు.

ఇక మిగిలింది రోడోవ్రే. ఆ రోజుల్లో డెన్మార్క్‌లో సినిమా హాలు నడపాలంటే ప్రభుత్వ లైసెన్సు కావాలి. కళాకారులకు ఓ ఆధారంగానూ వాటిని ఇచ్చేవారు. 1952లో డ్రేయర్‌కూ అలాగే ‘డాగ్మార్’ థియేటర్ దక్కింది. క్రిస్టెన్సెన్‌కు ‘రియో బియో’ వచ్చింది. తన సినిమాలకు జనం రావాలని చూసిన మనిషి, ఎదుటివాళ్ల సినిమాలకు టికెట్లు తెగాలని చూస్తూ పదిహేనేళ్లు గడిపాడు. 1959 ఏప్రిల్‌లో కన్నుమూశాడు.

ఆయన్ను వెతుక్కుంటూ వెళ్లేవారికి నాలుగో మజిలీ ఒకటుంది. నగరం నడిబొడ్డున, రాజోద్యానానికి దగ్గర్లో గోథర్స్‌గేడ్ వీధిలోని ఫిల్మ్ హౌస్. డానిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఉండేది అక్కడే. పాత మూకీలను భద్రపరచి, మళ్లీ తెరమీదకు తెచ్చే సంస్థ అది. గొంతు పెగలక ఒపెరా వదిలిన మనిషి, మాటల్లేని బొమ్మలతోనే వందేళ్ల తర్వాత కూడా జనాన్ని భయపెడుతున్నాడు!